పరాయి చెవి

"నా నిశ్శబ్దాన్ని ఎవరు కడగమన్నారండీ మిమ్మల్ని?"

స్టూడియో తలుపు తోసుకుని వచ్చి ఆ అమ్మాయి నాతో అన్న మొదటి మాట అది. పలకరింపు లేదు, పరిచయం లేదు. భుజాన బరువైన సంచి, చేతిలో నేను ముందురోజు పంపిన హార్డ్ డిస్క్, నుదుటికి అతుక్కున్న తడి జుట్టు. బయట వాన పడుతోందని ఆ జుట్టు చూశాకే నాకు తెలిసింది. మా స్టూడియో గోడలకు నాలుగు వైపులా స్పాంజి పలకలు అతికించి ఉంటాయి. లోపల కూర్చున్నవాడికి ఊరు మునిగినా తెలియదు. కింద టైలర్ షాపులోని పాత మిషన్ చప్పుడు మాత్రం నేలలోంచి ఎలాగో పైకి పాకుతుంది. దానికి మూడు కుట్లు సవ్యంగా వేసి నాలుగోదానికి 'గడక్' మనడం అలవాటు.

నేను సినిమాలకు శబ్దం శుభ్రం చేసేవాణ్ణి. మాటల వెనక ఉన్న కుక్క అరుపు, ఫ్యాను రొద, ఎవరో దగ్గిన దగ్గు తీసేసి మాట ఒక్కటే మిగల్చడం నా పని. స్టూడియో మా బాబాయ్‌ది. నావి పాము చెవులని ఆయన వచ్చినవాళ్ళందరికీ చెబుతుంటాడు. ఆయన ఎడమ చెవి మాత్రం ఇరవై ఏళ్ళు లౌడ్‌స్పీకర్ల పక్కన నిలబడి నిలబడి ఎప్పుడో సెలవు తీసుకుంది.

"కడగడమేమిటండీ?" అన్నాను.

"ఫోల్డర్ మీద 'క్లీన్' అని మీరే రాశారు. నేను క్లీన్ చెయ్యమన్నానా? డిస్క్‌తో పాటు కాగితం పెట్టాను. చదివారా?"

చదివాను, మొదటి లైను వరకు. 'ఇందులో రెండు వందల పద్నాలుగు ఫైళ్ళున్నాయి, ఒక్కోటి ఒక నిమిషం' అని ఉంది. అది చూడగానే అన్నింటినీ ఒకేసారి కంప్యూటర్‌లో పడేసి, ఒక బటన్ నొక్కి టీ తాగడానికి వెళ్ళిపోయాను. తిరిగొచ్చేసరికి అన్నీ తెల్లగా తోమిన గిన్నెల్లా ఉన్నాయి.

"ఏదీ మార్చకుండా, మొత్తం విని, ఏం వినిపించిందో రాయమన్నాను," అంది. "కనీసం విన్నారా?"

ఆ కళ్ళలోకి చూస్తూ 'వినలేదు' అనడానికి నాకు నోరు రాలేదు. పనిలో పేరు పోతుందన్న భయం కొంత, ఆ కళ్ళు ఇంకొంత.

"విన్నాను."

"మొత్తం?"

"మొత్తం."

"ఏముంది వాటిలో?"

"ఏమీ లేదండీ. మొదట్లో మీ గొంతు, తర్వాత ఫ్యాను చప్పుడు," అని ఊహించి చెప్పేశాను.

"ఫ్యాను ఆపేసి రికార్డ్ చేశాను."

"అదే, దూరంగా ఎక్కడిదో."

ఆమె కోపమంతా ఒక్కసారి దిగిపోయింది. కుర్చీ లాక్కుని కూర్చుని, "ఏమీ లేదా?" అని ఇంకోసారి అడిగింది. గొంతు మారిపోయింది. అప్పుడైనా నిజం చెప్పి ఉండాల్సింది. అడుసు తొక్కనేల కాలు కడగనేల అని పెద్దలు ఊరికే అనలేదు. నేను ఆ అడుసులో రెండో కాలు కూడా పెట్టి, "ఏమీ లేదు," అన్నాను.

టీ తెప్పించాను. ఆమె గ్లాసు పట్టుకుని, తాగకుండా, సంగతంతా చెప్పింది.

"నా మీద నేనే సినిమా తీస్తున్నాను. రెండేళ్ళ కిందట ఏడు నెలలు నేను నా గదిలోంచి దాదాపు బయటికి రాలేదు. డిప్రెషన్. సినిమా కోర్సు మధ్యలో ఆగిపోయింది. పళ్ళు తోముకోవడం కూడా కొండ తవ్వినట్టుండేది. రోజుకి ఒక్క పని చెయ్యి, ఎంత చిన్నదైనా సరే అన్నారు డాక్టర్. నాకు చేతనైంది ఇదొక్కటే. మధ్యాహ్నం మూడింటికి రికార్డర్ నొక్కి, తేదీ చెప్పి, ఒక నిమిషం గది చప్పుడు పట్టేదాన్ని."

ఇది మా పనివాళ్ళకే అర్థమయ్యే పిచ్చి. ఏ చోట షూటింగ్ చేసినా, అయిపోయాక అందరూ ఒక నిమిషం బొమ్మల్లా నిలబడతారు. ఆ చోటి నిశ్శబ్దాన్ని రికార్డ్ చేసుకుంటాం. తర్వాత మాటకీ మాటకీ మధ్య ఖాళీల్లో దాన్నే పరుస్తాం. ఒక గది నిశ్శబ్దం ఇంకో గదికి అతకదు.

"మంచం మీదుంటే నిద్ర పట్టేస్తుందని తలుపుకి వీపు ఆనించి నేల మీద కూర్చునేదాన్ని. రికార్డర్ నా పక్కనే," అంది. "మూడో నెలలో మొదలైంది. తలుపు అవతల ఎవరో ఊపిరి తీస్తున్నట్టు."

నా చేతిలో టీ చల్లారిపోయింది.

"ఇంట్లో నేనూ నాన్నా ఇద్దరమే. అమ్మ నా చిన్నప్పుడే పోయింది. నాన్న ప్రింటింగ్ ప్రెస్సులో ప్రూఫులు దిద్దుతారు. భోజనం చేసి ఒంటిగంటన్నరకి మళ్ళీ పనికి వెళ్ళిపోతారు. మధ్యాహ్నం ఇంటికి ఎవరైనా వస్తున్నారా అని ఆయన్నడిగాను. ఎవరూ రావట్లేదమ్మా, ఇంట్లో నువ్వొక్కదానివే అన్నారు. డాక్టర్‌కి చెప్పాను. ఇంకో మాత్ర కలిపారు."

"తగ్గిందా?"

"జబ్బు తగ్గింది. లేచాను, తిన్నాను, బయటికొచ్చాను. ఆ ఊపిరి సంగతే తేలలేదు."

"మీరే ఒకసారి వింటే సరిపోయేది కదండీ?"

ఆమె నా వైపు జాలిగా చూసింది. "నాకు వినిపిస్తే, అది టేపులో ఉందో నాలో ఉందో నాకెలా తెలుస్తుంది? అందుకే ఒక పరాయి చెవి కావాలి. మీరు విన్నారు. ఏమీ లేదన్నారు. అంటే అది నా జబ్బే."

"బాధగా ఉందా?"

"లేదు. జబ్బైతే మందుంది. జబ్బు కాకపోతే అక్కడ కూర్చున్నదెవరు?"

వెళ్ళేముందు డిస్క్ నా బల్ల మీద పెట్టి, గుమ్మంలో ఆగి, "ఈ సినిమాకి సౌండ్ మీరే చెయ్యండి, చెవి గారూ. మొత్తం కూర్చుని విన్నవాళ్ళు మీరొక్కరే," అంది.

ఆమె నవ్వడం అదే మొదటిసారి చూశాను. తేలు కుట్టిన దొంగలా తలూపాను.

మర్నాడు పొద్దున్నే వచ్చి, డిస్క్‌లోని అసలు ఫైళ్ళు తెరిచి హెడ్‌ఫోన్స్ పెట్టుకున్నాను. ఏమీ లేదని నిజంగానే తేలిపోతే నేనాడింది అబద్ధం కాదు, తొందరపడి చెప్పిన నిజం అవుతుందని నా ఆశ.

మొదటి అరవై ఆరు ఫైళ్ళలో నిజంగానే ఏమీ లేదు. ఆమె తేదీ చెబుతుంది. మొదటి రోజుల్లో ఆ గొంతు బావిలోంచి వచ్చినట్టుంది. ఒకరోజు తేదీ తప్పు చెప్పి, దిద్దుకుని, 'సారీ' అంది. ఎవరికి చెప్పిందో తెలియదు. వినేవాళ్ళెవరూ లేని గదిలో క్షమాపణ అడిగిన ఆ పిల్లంటే నాకక్కడే ఇష్టం కలిగింది. ఆ సంగతి దాచి లాభం లేదు.

అరవై ఏడో ఫైల్లో ఊపిరి వినిపించింది.

ఆమెది కాదు. ఆమె ఊపిరి చిన్నది, దగ్గరది. ఇది బరువుగా, నేలకు దగ్గరగా ఉంది, మధ్యలో ఏదో అడ్డం ఉన్నట్టు. నాదే హెడ్‌ఫోన్స్‌లో వినిపిస్తోందేమో అనుకుని ఊపిరి బిగబట్టాను. అది ఆగలేదు. నేను పదిహేను సెకన్లు బిగబట్టి కూర్చుంటే, అది తాపీగా పీలుస్తూ వదులుతూ ఉంది. చివర్లో 'టక్' మని చిన్న చప్పుడు, పెట్టె మూత మూసినట్టు.

హెడ్‌ఫోన్స్ తీసేశాను. గదిలో నేనొక్కణ్ణే. కింద మిషన్ మూడు కుట్లు వేసి గడక్ మంది.

తర్వాతి ఫైల్లోనూ ఉంది. ఆ తర్వాతదాన్లోనూ. వంద దాటేసరికి దగ్గరైంది. నాక్కూడా ఏదో అవుతోందేమోనని స్క్రీన్ మీద గీతలు చూశాను. చెవిని నమ్మకపోయినా గీతను నమ్మొచ్చు. రెండు ఊపిర్లకీ రెండు వరసల గుట్టలు ఉన్నాయి. చిన్న గుట్ట లేచినప్పుడే పెద్ద గుట్టా లేస్తోంది. ఆమె పీలిస్తే అదీ పీలుస్తోంది. ఆమె వదిలితే అదీ వదులుతోంది. ఒకచోట ఆమె ఎందుకో ఊపిరి ఆపింది. అదీ ఆగింది. నాలుగు సెకన్లు తలుపుకి రెండు వైపులా ఏమీ లేదు. ఆమె మళ్ళీ పీల్చుకున్నాకే అదీ పీల్చుకుంది. తర్వాత, టక్.

నూట ముప్పై ఒకటో ఫైల్లో ఆమె తేదీ చెప్పి ఇంకో మాట కూడా చెప్పింది. 'నాన్న పనిమీద పక్క ఊరు వెళ్ళారు. రాత్రికి గానీ రారు. వీధి తలుపుకి నేనే గడియ పెట్టి వచ్చాను. ఇంట్లో ఎవరూ లేరు.'

ఆ రోజు ఊపిరి అన్నిటికన్నా దగ్గరగా ఉంది.

వెళ్ళి బాబాయ్‌ని పిలుచుకొచ్చి, ఏమీ చెప్పకుండా ఆయన కుడి చెవికి హెడ్‌ఫోన్ పెట్టాను. ఆయన కళ్ళు మూసుకుని విన్నాడు.

"ఎవర్రా ఈయన?" అన్నాడు.

"ఈయనా?"

"మగమనిషేరా, వయసైనవాడు. పాపం, కింద కూర్చుని లేవలేకపోతున్నట్టున్నాడు. ఏం సినిమా, దెయ్యాలదా?"

"బాబాయ్, అక్కడ ఎవరూ లేరు."

ఆయన నన్నూ హెడ్‌ఫోన్‌నీ మార్చి మార్చి చూసి, దాన్ని నెమ్మదిగా బల్ల మీద పెట్టి, "మీ పిన్ని ఎదురుచూస్తుంటుంది, వెళ్తాను," అని పదకొండింటికే ఇంటికెళ్ళిపోయాడు.

ఇక నా బతుకు కక్కలేక మింగలేక అన్నట్టు తయారైంది. నిజం చెబితే ఏమవుతుంది? 'నీకు వినిపించింది నిజమే, తలుపు అవతల ఎవరో ఉన్నారు, ఎవరో నాకూ తెలియదు' అనాలి. ఏడు నెలలు మంచాన పడి లేచిన మనిషితో అనదగ్గ మాటేనా? మందులన్నీ పారేస్తేనో? చెప్పకపోతే, లేని జబ్బు ఒకటి నా మూలంగా ఆమెకు ఖాయమైపోతుంది.

రేపు చెబుదాం అనుకున్నాను. ఆమె రోజూ వచ్చేది. పక్కపక్కన కూర్చుని పని చేసేవాళ్ళం.

"చెవి గారూ, మీరు పెళ్ళిచూపులకి వెళ్తే అమ్మాయి గొంతులోంచి కూడా నాయిస్ తీసేస్తారేమో."

"అందుకే ఇంకా వెళ్ళలేదండీ, డైరెక్టర్ గారూ."

"వెళ్ళకండి. అందరూ మాట్లాడుకుంటుంటే మీరు మాత్రం గోడ గడియారం శబ్దం వింటూ కూర్చుంటారు."

వాన వచ్చినప్పుడల్లా తలుపు తెరిచి మెట్ల మీద కూర్చునేవాళ్ళం. టైలర్ షాపు రేకు మీద పడే చినుకుల శబ్దం ఆమెకి ఇష్టం. ఒకసారి అలా వింటూ వింటూ నా భుజం మీద తల ఆనించి, "ఈ మధ్య ప్రశాంతంగా ఉంది. మీరు ఏమీ లేదని చెప్పినప్పటినుంచి," అంది. ఆ తల బరువు నాకు ఎంత బాగుందో, ఆ మాట అంత గుచ్చుకుంది. ఆ రోజు కూడా నిజం చెప్పలేదు.

నాకేమో ఆ ఊపిరి అన్నిచోట్లా వినపడసాగింది. బస్సులో వెనక సీటు నుంచి, లిఫ్టులో, స్నానాల గది తలుపు అవతల నుంచి. ఇంట్లో తలుపు తీసేముందు ఒక క్షణం ఆగి వినడం అలవాటైంది. మా అమ్మ, "ఏరా, నీ ఇంట్లోకి నువ్వు రావడానికి ఆలోచనేమిటి?" అని అడిగింది.

సినిమా చివర్లో ఆమె సొంత గొంతుతో చెప్పే మాటలు రికార్డ్ చేశాం. ఆమె అద్దం అవతల, నేను ఇవతల.

"నెలల తరబడి నాతో కూర్చున్న ఆ ఊపిరి నా జబ్బుది. తలుపు అవతల ఎవరూ లేరు."

"ఇంకోసారి," అన్నాను.

ఆమె చెప్పింది.

"ఇంకోసారి."

"బాగా రావట్లేదా?"

"బాగానే వస్తోంది. ఇంకొక్కసారి."

నాలుగోసారి ఆ రెండు వాక్యాలనీ ఎంత నిబ్బరంగా చెప్పిందంటే, నా గుండెలో పిడికెడు ఇసుక పోసినట్టయింది. బటన్ నొక్కి ఆపి, "ఓకే," అన్నాను.

ఆఖరి షాట్ ఆమె గదిలోనే తీయాలి. ఖాళీ గది, మూసిన తలుపు, ఆ షాట్ వెనక ఈనాటి నిశ్శబ్దం ఒక నిమిషం. నేను మైకు, రికార్డర్ పట్టుకుని ఒక మధ్యాహ్నం వాళ్ళింటికి వెళ్ళాను.

తలుపు తీసింది వాళ్ళ నాన్న. పలచటి మనిషి, జేబులో ఎర్ర పెన్సిల్, చెవుల మీద కళ్ళజోడు ఒరుసుకున్న గుర్తులు. నన్ను కూర్చోబెట్టి, మంచినీళ్ళిచ్చి, ఆమె లోపల లైట్లు సర్దుతుంటే, "అమ్మాయి బాగానే ఉంటోందా బాబూ, పని దగ్గర?" అని మెల్లగా అడిగారు.

"బాగుంటున్నారండీ. నన్ను ఏడిపిస్తుంటారు."

"అయితే బాగున్నట్టే," అని ఆయన నవ్వారు. "మీరు పని చేసుకోండి. నేనుంటే మీకు చప్పుడవుతుంది. ప్రెస్సుకి వెళ్ళొస్తాను."

వీధి తలుపు మూసుకున్న చప్పుడు, గేటు గొళ్ళెం చప్పుడు విన్నాను. ఆమె వెళ్ళి లోపలినుంచి గడియ పెట్టి వచ్చింది.

గది చిన్నది. మంచం, బీరువా, కిటికీకి నీలం పరదా. తలుపుకి లోపలివైపు, నేలకి రెండడుగుల ఎత్తున రంగు అరిగిపోయి ఉంది. ఏడు నెలలు ఒక వీపు ఆనుకున్న చోటు అది. ఆమె కెమెరా ఆన్ చేసి, తలుపు మూసి, మంచం చివర కూర్చుంది. నేను మైకును తలుపు దగ్గర నేల మీద పెట్టాను. టైము మూడు కావస్తోంది.

"నిశ్శబ్దం, ఒక నిమిషం," అన్నాను. ఆమె తలూపి, తేదీ చెప్పింది.

పది సెకన్లు. ఇరవై. ఎక్కడో నీళ్ళ ట్యాంకు నిండుతున్న శబ్దం. ఇరవై ఎనిమిదో సెకనులో తలుపు అవతల ఊపిరి మొదలైంది.

ఊపిరి బిగబట్టాను. ఆగలేదు. ఆమె వైపు చూశాను. ఆమె నిశ్చలంగా కూర్చుని నన్నే చూస్తోంది. ఆ దూరానికి, హెడ్‌ఫోన్స్ లేకుండా వినపడేంత శబ్దం కాదది. కానీ నా మొహం కనపడుతోంది కదా.

"మీకూ వినిపిస్తోంది," అంది, పెదాలు మాత్రం కదిలిస్తూ.

అబద్ధం చెప్పే అవకాశం అప్పుడు కూడా ఉంది. నేను తలూపాను. హెడ్‌ఫోన్స్ తీసి ఆమె చెవులకు పెట్టాను. ఆమె కళ్ళు మూసుకుంది. చేతులు వణుకుతున్నాయి. నేను వాటిని పట్టుకున్నాను.

"మీరు ఏమీ లేదన్నారు," అంది.

"అబద్ధం చెప్పాను. ఆ రోజుకి ఒక్కటీ వినలేదు. తర్వాత అన్నీ విన్నాను. అరవై ఏడో ఫైలు నుంచీ ఉంది. చెప్పడానికి భయమేసింది."

టక్. ఈసారి ఇద్దరం విన్నాం.

ఆమె చేతులు విడిపించుకుని లేచింది. రెండడుగులు వేసి, తలుపు పిడి పట్టుకుని, ఒక్క క్షణం ఆగి, లాగింది.

తలుపుకి ఆనుకుని కూర్చున్న మనిషి వెనక్కి ఒరిగి ఆమె కాళ్ళ మీద పడబోయి, గుమ్మం పట్టుకుని ఆగాడు. ఒళ్ళో ప్రూఫు కాగితాలు. పక్కన విడిచిన చెప్పులు. చేతిలో కళ్ళజోడు పెట్టె. మూత తెరవడం, టక్ మని మూయడం, అది ఏమీ తోచనప్పుడు ఆ చెయ్యి చేసే పని.

"నాన్నా," అంది.

ఆయన లేవబోయి లేవలేక అలాగే కూర్చుండిపోయారు. "పెరటి తలుపులోంచి వచ్చానమ్మా. నువ్వీ గది తలుపు వేసుకుంటే నా కాళ్ళు ప్రెస్సు దాకా వెళ్ళవు."

"అప్పుడు కూడా నువ్వేనా?"

"మూడో నెల నుంచి. మధ్యాహ్నం ప్రూఫులు ఇంటి దగ్గర దిద్దుతానని ప్రెస్సువాళ్ళనడిగాను."

"పక్క ఊరు వెళ్ళిన రోజు?"

"వెళ్ళలేదు."

ఆమె గోడకి ఆనుకుంది. "నిన్నడిగాను నాన్నా. ఎవరైనా ఉంటున్నారా అని మొహం మీద అడిగాను. ఎవరూ లేరన్నావు."

"నన్ను కాపలా కాయొద్దని అరిచావు నువ్వు. కాపలా కాస్తున్నట్టు ఉండకూడదని డాక్టరు గారూ అన్నారు. సరేనని మాటిచ్చాను. కానీ నీ ఊపిరి వినపడకపోతే నాకు ఊపిరాడేది కాదు. ఉన్నానంటే పొమ్మంటావని లేనన్నాను."

"తలుపు వెనక ఊపిరి వినిపిస్తోందని డాక్టర్‌కి చెప్పాను. దానికే రెండో మాత్ర రాశారు. రెండేళ్ళనుంచి మింగుతున్నాను."

ఆ సంగతి ఆయనకు తెలియదు. "నాకెవరూ చెప్పలేదమ్మా," అని, కాసేపటికి, "ఒక్క అక్షరం పోతే పట్టుకునేవాణ్ణి, ఇంత తప్పు నా ఇంట్లో పెట్టుకున్నాను," అని కళ్ళజోడు తీసేసి ఏడ్చారు.

ఆమె ఆయన పక్కన కూలబడి, ఆయన భుజం మీద ఒకసారి గట్టిగా కొట్టి, ఆ భుజం మీదే మొహం పెట్టుకుంది. చాలాసేపటికి తలెత్తి నన్ను చూసింది.

"ఒకరు ఉండి లేరన్నారు, ఒకరు వినకుండా విన్నానన్నారు. మధ్యలో పిచ్చిదాన్ని నేను."

"నన్ను క్షమించండి."

"మీరంటే నాకు చాలా ఇష్టం. అందుకే ఇంత కోపంగా ఉంది. వెళ్ళిపోండి, చెవి గారూ."

వెళ్ళిపోయాను. రికార్డర్ ఆపడం మర్చిపోయానని మెట్లు దిగాక గుర్తొచ్చింది. వెనక్కి వెళ్ళే మొహం లేకపోయింది.

మూడు వారాలు ఆమె రాలేదు, ఫోన్ ఎత్తలేదు. నా రికార్డర్ మాత్రం ఎవరో తెచ్చి బాబాయ్‌కిచ్చారు. "కళ్ళజోడు పెద్దమనిషి. ఊపిరి ఎక్కడో విన్నట్టుందిరా," అన్నాడు బాబాయ్ అనుమానంగా. నేను కొత్త పని ఏది వచ్చినా మొదటి నుంచి చివరి దాకా వింటున్నాను, ఇచ్చిన కాగితం మొత్తం చదువుతున్నాను. పని సగానికి సగం నెమ్మదించింది. బాబాయ్ తిట్టాడు. పడ్డాను.

నాలుగో వారంలో ఒక మధ్యాహ్నం నా ఫోన్‌కి ఒక ఫైలు వచ్చింది. సరిగ్గా ఒక నిమిషం. ఆమె దగ్గర్నుంచే. కింద ఒకే వాక్యం. 'ఏం వినిపించిందో చెప్పండి.'

హెడ్‌ఫోన్స్ పెట్టుకున్నాను. ఆమె తేదీ చెప్పింది, ఇవాళ్టిదే. ఆ గొంతు బావిలోంచి రావడం లేదు. తర్వాత నిశ్శబ్దం. నిశ్శబ్దంలో ఒక ఊపిరి. అలవాటుగా నా ఊపిరి బిగబట్టాను. అది ఆగలేదు. చిన్నది, దగ్గరది. రెండు వందల పద్నాలుగు నిమిషాలు విన్నవాణ్ణి, ఎవరిదో తెలుసు.

పన్నెండో సెకనులో దాని వెనక ఇంకో చప్పుడు. రేకు మీద చినుకులు. మూడు కుట్లు, గడక్.

హెడ్‌ఫోన్ ఒకవైపు పక్కకి జరిపాను. కాళ్ళకింద నేలలోంచి అదే చప్పుడు. మూడు కుట్లు, గడక్. చెవిలోనూ కాళ్ళలోనూ ఒకే మిషన్, కాస్త ముందూ వెనకగా.

సగం లేచాను. మెట్లు ఇరవై రెండు, పరిగెడితే పది సెకన్లు. కానీ ఫైలింకా నలభై సెకన్లుంది. అడ్డంగా దాటేస్తే ఆమెకి తెలిసిపోతుంది. మళ్ళీ కూర్చుని, బల్ల అంచు పట్టుకుని, ఒక్కో సెకనూ విన్నాను. అంత పొడుగాటి నలభై సెకన్లు నా జీవితంలో లేవు.

యాభై మూడో సెకనులో ఆమె మాట్లాడింది.

"ఇక్కడిదాకా విన్నవాళ్ళకి మాత్రమే చెబుతున్నాను. నా దగ్గర గొడుగు లేదు."

గొడుగు తీసుకుని దిగాను. బాబాయ్ గది నుంచి ఏదో అరిచాడు, అదొక్కటి వినలేదు.

ఆమె టైలర్ షాపు రేకు కింద, గోడకి ఆనుకుని నిలబడి ఉంది. సగం తడిసింది. చేతిలో ఫోన్ పట్టుకుని సెకన్లు చూస్తోంది.

"ఎంతసేపు విన్నారు?"

"అరవై సెకన్లూ."

"మధ్యలో దిగొచ్చేద్దామనిపించలేదా?"

"పన్నెండో సెకనులోనే అనిపించింది."

"మరి?"

"ఈసారి విన్నానంటే విన్నట్టుండాలని కూర్చున్నాను."

ఆమె గొడుగు కిందికి వచ్చి, నా చెయ్యి పట్టుకుంది. ఈసారి వణుకు ఆ చేతిలో లేదు, నా చేతిలో ఉంది.

"నాన్నా నేనూ కలిసి డాక్టర్ దగ్గరికి వెళ్ళాం," అంది. "రెండో మాత్ర మెల్లగా తగ్గిస్తున్నారు. మొదటిది అలాగే ఉంది. అది నాకు కావాలి. ఆ సంగతి తెలిసే నన్ను ఇష్టపడాలి మీరు."

"తేదీ తప్పు చెప్పి సారీ అన్నారు చూడండి, పద్దెనిమిదో ఫైల్లో. అప్పటినుంచీ ఇష్టపడుతున్నాను."

ఆమె కళ్ళు తుడుచుకుని, "సినిమా చివర మార్చాను. ఆ మాటలు తీసేశాను. మీరు ఆపడం మర్చిపోయిన రికార్డర్‌లో అంతా ఉంది, తలుపు తీయడం, నాన్న, మీరు, అన్నీ. అదే పెడుతున్నాను. దాన్ని శుభ్రం చెయ్యకండి," అంది.

"ముట్టుకోను."

"ఇంకో సంగతి. నాన్న మిమ్మల్ని రేపు మధ్యాహ్నం ఇంటికి రమ్మన్నారు, మాట్లాడాలట."

"ఆయన ఇంట్లోనే ఉంటారా?"

"ఉంటారట. ఉన్నానని చెప్పి మరీ ఉంటానన్నారు."

వాన ఇంకా పడుతూనే ఉంది. ఇద్దరం ఆ రేకు కింద నిలబడి ఒక నిమిషం ఏమీ మాట్లాడుకోలేదు.